సగం చదివిన ఉత్తర్వు

చిక్కడపల్లిలోని ఆ సందులో ఆ ఉదయం చప్పుడు లేదు. పన్నెండేళ్లుగా ఎనిమిదింటికల్లా మొదలయ్యే హనుమమ్మ కారం గిర్ని నిన్నే రాంనగర్‌ తరలిపోయింది. మోటారూ, బెల్టూ, జల్లెళ్లూ కలిపి అక్కడివాళ్లకు వచ్చినకాడికి అమ్మేసిందామె. అలవాటు చొప్పున తలకు గుడ్డ చుట్టుకుని ముందుగదిలోకి వచ్చిన హనుమమ్మ, నేలలో మిగిలిన బోల్టుల గుంటలు చూసి అక్కడే కూలబడింది.

మేస్త్రీ పని చేసే భర్త ఈదయ్య పోయాక తిరిగి పాలమూరు బస్సెక్కకుండా ఆమెను నిలబెట్టింది ఆ గిర్నే. కొడుకు ఎల్లేష్‌ను పదో తరగతి దాకా చదివించిందీ, నర్మదతో పెళ్లి చేసిందీ దానిమీదే. మూడు వారాల కింద మేజిస్ట్రేటు కాయితం వచ్చింది. అక్షరం ముక్క రాని హనుమమ్మ దాన్ని కొడుకు చేతిలో పెట్టింది.

"ఘాటుతోని జనానికి పరేషాన్ అయితున్నదంట. పద్దెనిమిదో తారీఖులోపల గిర్ని తీసెయ్యాలె. లేకుంటే కేసైతదమ్మా" అన్నాడు ఎల్లేష్. కేసు అన్న మాటకే ఆమె బెదిరిపోయింది. ఇంకో మాట అడగలేదు.

అర్జీ పెట్టింది సందులోవాళ్లే. పదకొండు సంతకాలు. ఆ పదకొండు ఇళ్లవాళ్లూ ఎండాకాలమంతా వరసలో నిలబడి, ఏడాదికి సరిపడా కారం పట్టించుకుని, జాడీలు నింపుకున్నాకే సంతకాలు పెట్టారు. ఏరు దాటి తెప్ప తగలెయ్యడమంటే ఇదే మరి!

వాళ్లలో ఒకరైన ఎదురింటి కమలాకుమారి గుమ్మంలోకి వచ్చి, బోసిపోయిన గది చూసి నోరు నొక్కుకుంది.

"అయ్యో, మొత్తం తీసేశావా హనుమమ్మా? పగటిపూట ఓ రెండు గంటలు నడుపుకోమంటారనుకున్నామే!"

"తీసెయ్యమని హుకుం వచ్చింది గదమ్మా."

"అదేంటి! తియ్యండి, లేదా పద్దెనిమిదిన వచ్చి ఎందుకు తియ్యక్కర్లేదో చెప్పుకోండి అని కదా అందులో ఉంది? నిన్న మేమంతా మేజిస్ట్రేటు ఆఫీసులో సాయంత్రం దాకా కూర్చున్నాం. నువ్వే రాలేదు."

నారాయణగూడలో బట్టల దుకాణానికి బయల్దేరుతున్న ఎల్లేష్ చెప్పులో కాలు పెట్టబోయి ఆగిపోయాడు. కమలాకుమారి ఇద్దరి మొహాలూ చూసి మెల్లగా జారుకుంది.

"సగమే చదివినవారా?"

"నా బిడ్డ భాను దగ్గుతున్నదమ్మా. గిర్నికాడ ఉంచితే పిల్ల దక్కదన్నడు డాక్టరు. నర్మద పుట్టింటికి పోత అంటున్నది. నీకు చెప్తే వింటవా?" ఎల్లేష్ చెప్పులు వదిలేసి గదిలోకి వచ్చాడు. "ఆఫీసుకు పోతే నువ్వు గెలుస్తవని భయమైంది."

హనుమమ్మ చూపు బోల్టుల గుంటల మీద పడింది. ఐదేళ్ల మనుమరాలు దగ్గినప్పుడల్లా "ఘాటు గద, అలవాటైతది" అని కొట్టిపారేసింది తనే. కోడలు ఎన్నోసార్లు చెప్పబోతే చెవిన పెట్టనిదీ తనే.

"కాయితం తే. మిగిలిన సగం చదువు."

ఎల్లేష్ తెచ్చి చదివాడు. "గిర్నిని తొలగించుటకు మీకు అభ్యంతరము ఉన్నయెడల స్వయముగా హాజరై తెలుపుకొనవచ్చును..."

హనుమమ్మ లేచింది. అధికారి ముందు నిలబడినట్టు కొంగు భుజం నిండా కప్పుకుంది.

"అభ్యంతరం ఉన్నది సారూ. పసిపిల్ల దగ్గుతుంటే నేను ఇనలే. నాదే తప్పు. గిర్ని తీసేస్త. గానీ డాక్టరు ఏమన్నడో నా కొడుకు ఒక్క మాట చెప్తే గదే రోజు తీసేద్దును. నా ముంగట నిలబడి అడగలేక సర్కారు కాయితం చాటున దాక్కుండు సారూ!"

ఎల్లేష్ ఆమె కాళ్లమీద పడి భోరుమన్నాడు. వంటింటి గుమ్మంలో నర్మద కొంగు నోటికడ్డం పెట్టుకుంది. హనుమమ్మ వంగి కొడుకు తల నిమిరింది. కోపం ఎప్పుడో పోయింది. పోయిన గిర్ని మీద ఆశ కూడా లేదు.

"ఇంకేమన్న దాచినవారా?" అని అడిగింది.

అతను తల అడ్డంగా ఊపాడు. కన్నకొడుకును ఆ మాట అడగాల్సి వచ్చినందుకు హనుమమ్మకు అప్పుడు ఏడుపొచ్చింది.