ఏడో తలుపు

మూడువందల పదకొండో వరుస మార్చి, వరహాలమ్మ తరువాతి వరుసకు వెళ్లింది. సాయంత్రం నాలుగింటికి చాటుపురుగు, అంటే ఎవరికీ కనబడకుండా దూరే ప్రోగ్రాం, విశాఖ నీటి సరఫరాను నడిపే కంప్యూటర్ల నీటివలలోకి దిగాలి. దొంగలకన్నా ముందు అందులోని కన్నాలు వెతకడం వరహాలమ్మ ఉన్న చొరబాటు దళం పని. ఆ వలను కాచే కావలియంత్రం కంటపడిన పురుగు ఇక పనికిరాదు.

దళంలో ఒక కట్టుబాటు ఉంది. పురుగుకు ఏ మరమ్మతు చేసినా, ఎందుకు చేశారో పక్కనే మామూలు మాటల్లో రాయాలి. దారిలో చెడితే పురుగు ఆ మాటలు చదువుకునే తనను బాగుచేసుకుంటుంది. పదేళ్లుగా ఆ వరుసలన్నీ రాసింది ఆమె భర్త గౌరినాయుడు. అతను పోయి ఐదు నెలలు. కావలి ఈమధ్యే అతని మాటతీరు పసిగట్టింది. అందుకే ప్రతి వరుసనూ అర్థం చెడకుండా వేరే మాటల్లోకి మార్చాలి.

"వదినా, ఎన్ని మిగిలాయి?" దళనాయకురాలు కనకలత వచ్చి నిలబడింది.

"ఒక్కటే."

"అన్న మాటలు పోతున్నాయని నాకూ బాధే. కానీ ఈ పురుగు దొరికిపోతే ఇంకోటి కట్టడానికి ఏడాది."

"నాకు తెలీదేటి? నా నెత్తిమీద నిలబడకుండా టీ తాగిరా, పో."

ఆఖరి వరుస ఇలా ఉంది: "ఇక్కడ కాలెత్తి అడుగెయ్యమ్మీ. గడప ఎత్తు. నాలా బోర్లా పడకు."

"ఇక్కడ వేగం తగ్గించి దాటాలి" అని రాసింది వరహాలమ్మ. పురుగుకు అది చాలు. వరహాలమ్మ తను రాసింది ఒకసారి చదివింది. చెరిపేసింది. పాత మాటలే మళ్లీ పెట్టి ముద్ర వేసింది.

నాలుగుంపావుకల్లా పురుగు నీటివలలో ఆరు తలుపులు దాటింది. ఏడోదాని దగ్గర తడబడి, ఆ వరుస చదువుకుంది.

ఆ మాటతీరు గుర్తుపట్టిన కావలి నగరంలోని నీటితలుపులన్నీ ఒక్కసారిగా మూసేసింది. గోడమీద కావలి ప్రకటన వెలిగింది: "గౌరినాయుడు లోపలికి వచ్చాడు. ఏడో తలుపు దగ్గర ఉన్నాడు."

కనకలత పరుగున వచ్చింది. "ఆ ఒక్కటీ మరిచిపోయావేటి వదినా?"

"నేదు."

"ఈ ఏడాదంతా మనం గుడ్డోళ్లం. ఏ దొంగైనా దూరొచ్చు. తెలిసే చేశావా?"

"తెలిసే."

ప్రకటన రద్దు చేసి నీటితలుపులు తెరిపించడానికి కనకలత చెయ్యి చాచింది. వరహాలమ్మ ఆ చెయ్యి పట్టుకుంది.

"ఉన్నాడంటోంది కదమ్మా. ఒక్క నిమిషం ఉండనీ."

కొండమీది కాలనీల్లో కుళాయిలు ఆగిపోయాయని మొదటి ఫిర్యాదు వచ్చింది. వెంటనే రెండోది. కనకలత చెయ్యి విడిపించుకోలేదు.