పన్నెండు గంటల అబద్ధం

"లాంబేర్ పోయాడు, రెమీ."

క్యూబెక్ పాతబస్తీలో ఒక బేకరీ వెనక గది. 1978 జూలై, ఉదయం పదింబావు. గూఢచారి శాఖలో రెమీ త్రెపానియే పైఅధికారి ఓడిల్ బ్రసార్ ఆ ముక్క చెప్పి సిగరెట్ వెలిగించింది. లాంబేర్ కూడా వాళ్ళ శాఖలో ఏజెంటే.

"ఎక్కడ?"

"కాఫీ షాపులో. ఎవడో ఫోటో తీశాడట. మెడ దగ్గర ఏదో కుట్టిందన్నాడు లాంబేర్, కుర్చీలోంచి జారిపోయాడు."

"కెమెరాలో విషపు సూది."

"అంతే. సూది దొరికింది, కెమెరావాడు దొరకలేదు. వాడు లాంబేర్ కోసం రాలేదు, మన ముసలాయన కోసం వచ్చాడు."

ముసలాయన అంటే డాక్టర్ కాద్లెచ్. తూర్పు దేశాల రాడార్ రహస్యాలన్నీ బుర్రలో పెట్టుకుని పారిపోయి వచ్చిన శాస్త్రవేత్త. వయసు డెబ్బై ఒకటి. ఎల్లుండి ఆయన ఒటావాలో నోరు విప్పితే పదిహేను దేశాల్లో ఒక గూఢచారి ముఠా మొత్తం కూలిపోతుంది. ఇవాళ మధ్యాహ్నం పన్నెండున్నరకి ఆయన్ని రేవు దగ్గర కారెక్కించాలి. అక్కడిదాకా ఆయన్ని దాచే చోటు రెమీ నడిపే టూరిస్టు గుంపు.

రెమీకి బయట ఉద్యోగం టూరిస్ట్ గైడు. మూడు మూలల టోపీ, నల్ల కోటు, చేతిలో వెండి పిడి కర్ర. పిడిలో ట్రాన్స్‌మిటర్. ఐదేళ్ళుగా రోజూ ముప్ఫై మంది టూరిస్టుల్ని పాతబస్తీ సందుల్లో నడిపిస్తూ, మధ్యమధ్య వాళ్ళలో ఒకణ్ణి ఈ దేశం నుంచి ఆ దేశానికి దాటిస్తున్నాడు. ఎవరికీ అనుమానం రాలేదు. టూరిస్టు వేషంలో ఉన్న మనిషిని మరో టూరిస్టు కూడా పట్టించుకోడు.

"రూటు మార్చు" అంది ఓడిల్.

"ఎందుకు మేడమ్?"

"ఐదేళ్ళుగా అదే రూటు కాబట్టి."

"ఆ దారిలో ఏ కిటికీ వెనక ఎవరుంటారో నాకు తెలుసు. ఏ కుక్క ఏ టైముకి మొరుగుతుందో కూడా తెలుసు. కొత్త దారి పడితే నేనే గుడ్డివాణ్ణి."

ఓడిల్ అతని మొహంలోకి చూసింది. "తెలుసా, తెలుసనుకుంటున్నావా?"

"తెలుసు" అన్నాడు రెమీ. ఆ మాట అన్నందుకు రెండు గంటలు తిరక్కుండానే అతను సిగ్గుతో చచ్చిపోబోతున్నాడు.

పదకొండింటికి పాతబస్తీ మెట్ల కింద గుంపు చేరింది. రెమీ తలలు లెక్కపెట్టాడు. ముప్ఫై ఒకటి. గడ్డి టోపీ, పూల చొక్కా వేసుకున్న ఒక ముసలాయన ముందుకొచ్చి, "నా ఎడం బూటు కరుస్తోంది" అన్నాడు.

"కుడి బూటుకి అలవాటు చేసుకోండి" అన్నాడు రెమీ. కోడ్ సరిపోయింది.

గుంపులో పద్నాలుగు మంది మెడలో కెమెరాలున్నాయి. రెమీ కాద్లెచ్‌ని తన పక్కనే ఉంచుకుని వెనక్కి వెనక్కి నడుస్తూ కబుర్లు మొదలెట్టాడు. గైడన్నవాడు గుంపుకి వీపు చూపించకూడదు. అది ఈ వృత్తిలో మొదటి పాఠం, గూఢచారికీ పనికొచ్చే పాఠమే.

పదకొండూ నలభైకి నల్లకళ్ళద్దాల ఆడమనిషి ఒకామె అతని భుజం పక్కకి చేరింది. ఎర్ర పెదాలు, పెద్ద తెల్లటోపీ. వాండా. రెండువైపులా జీతం తీసుకునే డబుల్ ఏజెంట్. ఆమె ఇవాళ ఎవరి మనిషో ఆమెకే తెలియాలి.

"రెమీ, నవ్వుతూ విను. పన్నెండింటికి ముసలాయన్ని కాలుస్తారు."

"ఎక్కడ?"

"చెప్పలేదు. రూటు ఒక్క సందు మారినా గుంపులో ఉన్న కెమెరావాడు పని పూర్తి చేస్తాడు. వాడి మొహం నాకూ తెలీదు."

"నువ్వెందుకు చెప్తున్నావ్?"

"లాంబేర్ నాకు రెండుసార్లు ప్రాణం పోశాడు."

"ఇంకేమన్నారు?"

"నిన్ను మెచ్చుకున్నారు. ఆయన్ని ఎక్కడ నిలబెట్టాలో మనం చూసుకోనక్కర్లేదు, గైడే నిలబెడతాడు అన్నారు."

రెమీ కాళ్ళు నడుస్తూనే ఉన్నాయి. నవ్వు మాత్రం మొహం మీద ఎండిపోయింది.

పన్నెండింటికి గుంపు ఎక్కడుంటుందో ఊళ్ళో గైడులందరికీ తెలుసు. నోటరీ ఇంటి ముందు. రెమీ గుంపుని ఎదురింటి గోడ వారగా వరసలో పెడతాడు. అందరిలోకీ పెద్దాయన్ని ఎంచి, వాళ్ళ ముందున్న గుండ్రాయి మీద కాపలా సిపాయిలా నిలబెడతాడు. అప్పుడు కథ చెప్తాడు. 1759లో ఇంగ్లీషు సైన్యం ఊరిని చుట్టుముట్టినప్పుడు, ఈ ఇంటి నోటరీ జోసెఫ్ రాసెట్ డబ్బుకి ఆశపడి అదిగో ఆ మేడ కిటికీలో లాంతరు పెట్టి శత్రువుకి దారి చూపించాడు. కథ ముగిసే క్షణానికి కోట మీద రోజూ టైము చెప్పడానికి పేల్చే పన్నెండు గంటల ఫిరంగి మోగుతుంది. అందరూ ఉలిక్కిపడి, రెమీ ముందే నేర్పినట్టు, కిటికీకేసి వేలు చూపించి "ద్రోహీ" అని అరుస్తారు. అరిచాక నవ్వుకుంటారు. ఈ ఊళ్ళో అంతకంటే బాగా పండే మజిలీ మరొకటి లేదు.

ఆ కథ అబద్ధం. నాలుగేళ్ళ కిందట వాన పడుతున్న రోజున ఆవలిస్తున్న గుంపుని నిలబెట్టడానికి, తలుపు మీది ఇత్తడి పలకలో పేరు చదివి, అప్పటికప్పుడు అల్లేశాడు. పండింది. మర్నాడు లాంతరు కలిపాడు, ఆ పైవారం ఫిరంగి కలిపాడు. నెల తిరిగేసరికి మిగతా గైడులు ఎత్తుకుపోయారు. గైడుల్లో కథకి సొంతదారంటూ ఉండడు. అడిగేవాడూ ఉండడు.

ఒక్క మనిషి అడిగింది. ఆ ఇంటావిడ, ఎనభై ఒక్కేళ్ళ ఫిలోమేన్ రాసెట్. మూడుసార్లు వచ్చింది. మూడోసారి బిస్కెట్ డబ్బాలో నోటరీ రాసిన కాగితాలు పట్టుకుని వానలో నిలబడింది. "మా వాళ్ళలో ద్రోహి లేడు నాయనా, ఇవి చూడు" అంది. రెమీ డబ్బా మూత కూడా తియ్యలేదు. "కథే కదా మేడమ్, ఎవరు పట్టించుకుంటారు" అని టోపీ సర్దుకుని వెళ్ళిపోయాడు.

"నోటరీ ఇల్లు" అన్నాడు రెమీ మెల్లగా. "కానీ ఆ మేడ మీద ముసలావిడ ఉంటుంది."

"ఉండటం లేదు. మూడు వారాల కిందట ఆ గది వాళ్ళ తరఫున నేనే అద్దెకి తీసుకున్నాను, ఎందుకో నాకు చెప్పలేదు వాళ్ళు. ఆవిడ నది అవతల లెవీలో చెల్లెలి దగ్గరికి వెళ్ళిపోయింది." వాండా గొంతు తగ్గించింది. "రోజూ మధ్యాహ్నం భోజనం ముందు కూర్చోగానే కింద జనం ద్రోహీ అని అరుస్తారట. తినలేకపోతున్నానంది."

రెమీ తుపాకుల ముందు నిలబడ్డాడు. ఒకసారి పది రోజులు చీకటి గదిలో పడి ఉన్నాడు. ఇలా ఎప్పుడూ అనిపించలేదు. చెవులు కాలిపోయాయి. హంతకుడికి గది దొరకడం వాడి తెలివి కాదు. ఆ కిటికీని ఖాళీ చేయించింది తను. గురికి అందేలా మనిషిని రాయెక్కించే అలవాటు పెట్టింది తను. తుపాకీ చప్పుడు వినబడకుండా ఫిరంగిని జతచేసింది కూడా తనే. తెలుసు మేడమ్, ప్రతి కిటికీ తెలుసు అని పొద్దున్న ఎంత బడాయి పోయాడు.

టైము పదకొండూ యాభై నాలుగు. కర్ర పిడిని మూడుసార్లు నొక్కాడు, నోటరీ ఇంటికి మనుషుల్ని పంపమని గుర్తు. బేకరీ నుంచి ఓడిల్ మనుషులు ఆ ఇంటి వెనక తలుపుకి చేరాలంటే ఎనిమిది నిమిషాలు పడుతుంది. రెండు నిమిషాలు తక్కువ. దారి మార్చడానికి లేదు, ఆగడానికి లేదు.

"ఏం చేస్తావ్?" అంది వాండా.

"రోజూ చేసేదే చేస్తాను. వీళ్ళు నేనేం చెప్తే అది చేస్తారు. నేను కూర్చోమంటే చాలు, ఎవడు కూర్చోడో చూస్తూ ఉండు."

పదకొండూ యాభై ఎనిమిదికి గుంపు గోడ వారన వరసలో నిలబడింది. రెమీ కాద్లెచ్ చెయ్యి పట్టుకుని గుండ్రాయి ఎక్కించాడు. చెవి దగ్గర, "మోకాళ్ళు నొప్పి ఉన్నాయా డాక్టర్?" అన్నాడు.

"చాలా."

"ఇవాళ్టికి ఓర్చుకోండి. నేను కూర్చోమన్న క్షణమే కూర్చోవాలి."

మేడ కిటికీ రెక్క బెత్తెడు తెరిచి ఉంది. రెమీ దానికేసి చూడలేదు. రోజూ మొదలెట్టే మాటే మొదలెట్టాడు.

"ఈ ఇంట్లో జోసెఫ్ రాసెట్ అనే నోటరీ ఉండేవాడు. ఇక్కడికొచ్చిన వాళ్ళందరికీ నాలుగేళ్ళుగా నేనొక కథ చెప్తున్నాను. ఆయన దేశద్రోహి అని. అది నేను అల్లిన కథ."

గుంపులో ఎవరో నవ్వబోయి ఆగిపోయారు.

"ఆయన లాంతరు పెట్టలేదు. ఎవరి దగ్గరా పైసా తీసుకోలేదు. నాకు కథ కావాలి, తలుపు మీద పేరుంది, తీసుకున్నాను. ఆయన వంశంలో మిగిలిన ఒక పెద్దావిడ మూడుసార్లు నా దగ్గరికొచ్చి, వద్దు నాయనా అంది. నేను వినలేదు. రోజూ ఈ వేళకి ముప్ఫై మంది చేత ఆవిడ కిటికీకేసి తిట్టించాను. ఆవిడ ఇల్లు వదిలి పోయింది."

ముందు నటిద్దామనే అనుకున్నాడు. మూడో మాట దగ్గరే నటన ఎటో పోయింది. ఫిరంగికి ఇంకెన్ని క్షణాలున్నాయో గడియారం చూడకుండానే అతని నాలుకకి తెలుసు. నాలుగేళ్ళు ఆ అబద్ధాన్ని సెకన్లతో సహా కొలిచి చెప్పాడు.

"ఇవాళ అరవొద్దు. నాతో పాటు అందరూ మోకాళ్ళ మీద కూర్చుని ఆ కుటుంబాన్ని క్షమించమని అడగండి. ఇప్పుడే."

తను ముందు కూలబడ్డాడు. గైడు మాట కాబట్టి ముప్ఫై మందీ గభాల్న కూర్చున్నారు. కాద్లెచ్ మూలుగుతూ రాయి మీదే వంగిపోయాడు. ఫిరంగి పేలింది.

ఒక్కడు కూర్చోలేదు. కాద్లెచ్ వెనకే నిలబడ్డ ఒక పొడుగాటివాడు, ఏం జరుగుతోందో అర్థంకాక కెమెరా మీద చెయ్యేసుకుని అటూ ఇటూ చూస్తున్నాడు. ముసలాయన తల ఉండాల్సిన చోటు మీదుగా కిటికీలోంచి దూసుకొచ్చిన తూటా వాడి తొడలో దిగింది. వాడు కింద పడేలోపు వాండా కెమెరా లాగేసుకుంది.

"ఇవాళ నువ్వు ఎవరి మనిషివి?" అన్నాడు రెమీ లేస్తూ.

"ఇంకా నిర్ణయించుకోలేదు" అని వాండా టోపీ సర్దుకుంది.

మేడ మీదివాడు పారిపోబోయి వెనక మెట్ల మీద ఓడిల్ మనుషులకి దొరికిపోయాడు. పన్నెండున్నరకి కాద్లెచ్ కారెక్కాడు. "నలభై ఏళ్ళలో మోకాళ్ళ మీద కూర్చోవడం ఇదే మొదటిసారి" అని గొణుక్కుంటూ వెళ్ళాడు. మెచ్చుకోవడానికి నోరు తెరిచిన ఓడిల్‌ని రెమీ ఆపేశాడు. సాయంత్రం ఫెర్రీ ఎక్కి లెవీ వెళ్ళాడు.

ఫిలోమేన్ రాసెట్ తలుపు తీసింది కానీ లోపలికి రమ్మనలేదు.

"రేడియోలో విన్నాను. ఎవరో గైడు తెలివిగా కాపాడాడట."

"తెలివి కాదు మేడమ్. తప్పంతా నాదే. మీరు మూడుసార్లు వచ్చారు..."

"నాలుగు."

రెమీ తలెత్తాడు.

"నాలుగోసారి దూరంనుంచే నన్ను చూసి, గుంపుని పక్క సందులోకి మళ్ళించావు. నేను పరిగెత్తలేను కదా."

అది అతనికి గుర్తు కూడా లేదు. గుర్తు లేకపోవడమే అన్నిటికంటే ఎక్కువ సిగ్గనిపించింది. గుమ్మంలో తల వంచుకుని, "నన్ను క్షమించండి మేడమ్" అన్నాడు.

"క్షమించమని నన్నడక్కు" అంది ఆవిడ. "నువ్వొక్కడివి మానేస్తే ఏం లాభం? నీ దగ్గర నేర్చుకున్న వాళ్ళందరూ అరిపిస్తూనే ఉన్నారుగా. అది మానిపించు, అప్పుడొస్తాను మా ఇంటికి."

ఊళ్ళో ఆ కథ చెప్పే గైడులు పదకొండు మంది. రెమీ పదకొండు మంది దగ్గరికీ వెళ్ళి, అది నేను కల్పించాను, మానెయ్యండి అని బతిమాలాడు. ఇద్దరు నవ్వారు. ఒకడు, "నాకు మొదట్నించీ అనుమానమే గురూ, కానీ బాగుంది కదా" అన్నాడు. ఒక కుర్రది మాత్రం, "మా అమ్మమ్మకి కూడా చెప్పాను ఆ కథ" అని ఏడ్చింది. ఆగస్టు మధ్యకి అందరూ మానేశారు. ఇరవయ్యో తారీఖున మేడ కిటికీకి తెరలు కట్టారు.

మర్నాడు పన్నెండింటికి రెమీ గుంపుని ఆ ఇంటి ముందు ఆపాడు.

"ఇక్కడ జోసెఫ్ రాసెట్ అనే నోటరీ ఉండేవాడు. నలభై ఏళ్ళు పత్రాలు రాశాడు. ఎవర్నీ మోసం చెయ్యలేదు. ముసలితనంలో దగ్గొచ్చి మంచం మీద పోయాడు."

ఫిరంగి పేలింది. అందరూ ఉలిక్కిపడి, తర్వాతేంటన్నట్టు అతనికేసి చూశారు.

"అంతేనా?" అన్నాడు ఒహాయో నుంచి వచ్చిన పెద్దమనిషి నిరాశగా.

రెమీ నాలుక దురద పెట్టింది. ఒక్క లాంతరు, పోనీ ఒక్క దొంగ వీలునామా. పైకి చూశాడు. కిటికీ దగ్గర ఫిలోమేన్ రాసెట్ సూప్ గిన్నె ముందు పెట్టుకుని, చెంచా గాల్లో ఆపి, అతను ఏమంటాడా అని వింటోంది.

"అంతే. పదండి" అన్నాడు.

పది రోజులు చీకటి గదిలో పెట్టి కొట్టినా నోరు విప్పని మనిషికి, ఆ పూట ఊరికే నోరు మూసుకోవడానికి చెమటలు పట్టాయి.