గడ్డి తోడు

ఎన్నికల ఫలితాలు వచ్చిన మర్నాడే ఆదోనిలో అన్నపలకలు పలచబడ్డాయి.

వీధి చివర పంపిణీ కిటికీ దగ్గర నిలబడ్డవాళ్ళెవరూ ఆశ్చర్యపోలేదు. పలకను చేతిలోకి తీసుకుని, బొటనవేలితో మందం చూసుకుని, కొంగు చాటున పెట్టుకుని వెళ్ళిపోయారు. ధాన్యం, పప్పు, నూనె కలిపి అచ్చుపోసిన గోధుమరంగు బిళ్ళ అది. వేడినీళ్ళలో వేస్తే ముద్దవుతుంది. ఊళ్ళో కుర్రకారులో బియ్యపు గింజను చేత్తో ముట్టుకున్నవాళ్ళు లేరు.

ఒకప్పుడు ప్రపంచంలో విత్తనాలమ్మే కంపెనీలు వేరు, ఎరువులవి వేరు, ఓడలు, గోదాములు, దుకాణాలు వేరు. ఒకదాన్నొకటి మింగుతూ పోయి చివరికి ఒక్కటే మిగిలింది. దాని పేరు 'పూర్ణ'. భూమి మీద మొలిచే ప్రతి పంట గింజా ఇప్పుడు తాళం గింజే. అంటే, పూర్ణ తయారుచేసే 'తాళంచెవి ద్రావణం' చల్లితే తప్ప అది మొలకెత్తదు. మంత్రులు పూర్ణ నుంచి వచ్చేవారు, పదవి దిగాక పూర్ణకే వెళ్ళేవారు. ఏది ప్రభుత్వ ఆఫీసో, ఏది కంపెనీ గోదామో బోర్డు చూసి తెలుసుకోవాల్సిందే. పోలీసుల లాఠీలు ఎప్పుడో మూలపడ్డాయి. కంపెనీకి నచ్చనివాళ్ళకు ఓటు వేసిన ఊరికి 'సరఫరా సవరణ' జరిగేది. అంతే.

డాక్టర్ సుంకులమ్మ కూడా ఆ వరుసలో నిలబడి పలక తీసుకుంది. ఆమె పూర్ణ వాళ్ళ పశు పరిశోధన కేంద్రంలోనే శాస్త్రవేత్త. అయినా ఉండేది ఆదోనిలో కాబట్టి ఊరితోపాటే ఆమెకూ సవరణ. పోయినసారి సవరణలో ఆమె చెల్లెలు పురుడు పోసుకునే బలం లేక మంచం మీదే కన్నుమూసింది. డాక్టరు కాగితం మీద రక్తహీనత అని రాశాడు. ఆకలి అని రాయడానికి ఆ రోజుల్లో ఎవరికీ చెయ్యి ఆడేది కాదు.

ఊరి బయట ఉన్న పరిశోధన కేంద్రంలో ఆవులుండేవి. పెద్ద నగరాల్లో ఇంకా పాలు తాగగలిగిన కొద్దిమంది కోసం వాటిని పెంచేవారు. ఆ ఆవుల పెద్దపొట్టలో బతికే సూక్ష్మజీవుల మీద సుంకులమ్మ పని. ఆమెకు తోడుగా కంబగిరి అనే యువ శాస్త్రవేత్త ఉండేవాడు. అతనిదీ ఆదోనే.

"ఈ ఆవును చూస్తే నాకు కుళ్ళు పుడతాదక్కా," అన్నాడు కంబగిరి ఆ మధ్యాహ్నం, తన పలక ముక్కను నీళ్ళలో నానబెడుతూ. "ఎండిన గడ్డి తిని ఎట్ల నిగనిగలాడుతాందో చూడు. ఏ కిటికీ కాడా చెయ్యి చాపే పని లేదు దీనికి."

"ఆ గడ్డిని అరిగించేది ఆవు కాదు," అంది సుంకులమ్మ.

"తెలుసులే. పొట్టలో పురుగులు."

"ఆ పురుగులు మన పొట్టలో ఎందుకుండకూడదు?"

కంబగిరి నవ్వబోయి ఆమె ముఖం చూసి ఆగిపోయాడు. ఆమె ఆ ప్రశ్నను చెల్లెలు పోయినప్పటి నుంచీ మోస్తోందని అతనికి అప్పుడే అర్థమైంది.

బియ్యంలో ఉన్నదీ గడ్డిలో ఉన్నదీ ఒకే చక్కెర. బియ్యంలో అది సులువుగా విడిపోయే పిండిపదార్థంగా ఉంటుంది, గడ్డిలో సెల్యులోజ్ అనే మొండి గొలుసుగా బిగుసుకుని ఉంటుంది. ఆ గొలుసును తెంచే ఎంజైములు మనిషికి లేవు. నిజానికి ఆవుకూ లేవు, దాని పొట్టలోని సూక్ష్మజీవులకు ఉన్నాయి. అయితే ఆవు పొట్టలో గడ్డి రోజుల తరబడి నానుతుంది. మనిషి పేగులో తిండి అంతసేపు నిలవదు. కాబట్టి ఆ సూక్ష్మజీవులు చాలా వేగంగా పనిచెయ్యాలి, పేగు మడతలకు పలచని పొరలా అతుక్కుని కొట్టుకుపోకుండా ఉండాలి. సుంకులమ్మ వాటికి 'తృణజీవులు' అని పేరు పెట్టింది. ఆవుల అజీర్తి మీద పరిశోధన అని పైవాళ్ళకు చెప్పి, ఏళ్ళ తరబడి వాటిని మలిచింది.

తృణజీవులను మింగి మొదట గడ్డి తిన్నది కంబగిరే. గరికను మెత్తగా రుబ్బి, ఉప్పూ మిరపకాయా కలిపి నాలుక మీద పెట్టుకున్నాడు. మొదటిసారి కడుపు డోలులా ఉబ్బి ఇంట్లోనే పడుకున్నాడు. తర్వాతి ప్రయత్నాలూ అంతే. ఒకసారి ఆసుపత్రిలో చేరాల్సి వచ్చింది, అక్కడ ఏం తిన్నావని అడిగితే నోరు విప్పలేదు. చివరికి ఒక రోజు గడ్డి ముద్ద తప్ప ఇంకేమీ తినకుండా సాయంత్రం దాకా పనిచేశాడు. అతని రక్తంలో చక్కెర చూసి సుంకులమ్మ కుర్చీలో కూలబడింది.

"నిలబడినాయి కంబగిరీ," అంది. 

వాటిని మాత్రగా చెయ్యవచ్చు. కాని మాత్రను ఎవరైనా కొనేసి బీరువాలో పెట్టుకోగలరు. అందుకే ఆమె తృణజీవులను పులిసిన గంజిలో బతికేట్టు తయారుచేసింది. పెరుగుకు తోడు వేసినట్టే, ఒక చెంచా గంజి పక్కింటి కుండలో కలిపితే తెల్లారేసరికి ఆ కుండ మొత్తం తోడుకుంటుంది. రెండుమూడు సార్లు తాగితే చాలు, పేగులో తృణజీవులు కాపురం పెడతాయి.

"దీనికి తాళం వెయ్యడం ఎవరి వల్లా కాదు," అంది ఆమె.

తోడు ఆదోనిలో కొంగుల చాటున గిన్నెల్లో నడిచింది. వియ్యపురాళ్ళ చేతుల్లో పత్తికొండ వెళ్ళింది, కూలీల చెంబుల్లో ఆలూరు వెళ్ళింది. వానలు బాగా పడ్డ ఆ ఏడు కొండల మీద బోదగడ్డి నడుము ఎత్తు పెరిగింది. మళ్ళీ సవరణ వచ్చిన రోజున పంపిణీ కిటికీ తెరుచుకుంది కాని, ముందు ఒక్క మనిషి కూడా లేడు. కిటికీలోని ఉద్యోగి కాసేపు వీధి వంక చూసి, తనే ఒక పలక తీసుకుని తింటూ కూర్చున్నాడు. అదే సమయానికి కొండ మీద ఆడవాళ్ళు రోళ్ళు పెట్టుకుని గడ్డి రుబ్బుతున్నారు. అందరి పళ్ళూ పచ్చగా ఉన్నాయి. ఎవరైనా నవ్వితే, ఆ పచ్చదనం చూసి మిగతావాళ్ళు నవ్వేవారు. సుంకులమ్మ ఒక బండ మీద కూర్చుని వాళ్ళను చూస్తూ చెల్లెల్ని తలుచుకుని ఏడ్చింది. ఆమెకు గుర్తున్నంతలో ఊరు కడుపునిండా తిన్న మొదటి రోజు అది.

ఆమె ఉద్యోగం పోయింది. అరెస్టు చేస్తారని బట్టలు సర్దుకుని కూర్చుంటే, పోలీసులకు బదులు పూర్ణ ప్రాంతీయ డైరెక్టర్ విదుషి వచ్చింది. నెమ్మదిగా మాట్లాడే మనిషి. ఇచ్చిన మంచినీళ్ళు తాగి, గ్లాసు జాగ్రత్తగా కింద పెట్టింది.

"మీ మీద కేసు పెట్టడం లేదు డాక్టర్ గారూ."

"ఎందుకని?"

"అవసరం లేదు కనక. తోడు చేరిన ఊళ్ళన్నిటినీ 'స్వయంపోషక ప్రాంతాలు'గా ప్రకటించాం. ప్రభుత్వం కూడా ఒప్పుకుంది. గడ్డి తినగలిగేవాళ్ళకు ఇక పలకలు పంపక్కర్లేదు. ఏళ్ళ తరబడి మాకు నష్టం తెచ్చిన బాధ్యత అది. మీరు దించేశారు."

"మాకు కావలసిందీ అదే. మీ పలకలు లేకుండా బతకడమే."

"అయితే మనకు గొడవే లేదు. ఒకటి అడుగుతాను. ఆ తోడుకు తాళం పెట్టగలరా? మీరడిగింది ఇస్తాం."

"పెట్టను. ప్రాణం పోయినా పెట్టను."

విదుషి తల ఊపింది, అది తను ఊహించిన జవాబే అన్నట్టు. "మేం బలవంతం చెయ్యం. తాళం కావాలని మేమెప్పుడూ ఎవరి వెంటా పడలేదు. మొదటి తాళం గింజలు కూడా, పక్క ఊరికి విత్తనం దక్కకూడదని రైతులే వచ్చి అడిగి తీసుకున్నారు. మీకు తెలియదేమో."

సుంకులమ్మకు నిజంగానే తెలియదు. విదుషి వెళ్ళిపోయాక ఆ మాట అబద్ధమనుకుంది.

మరుసటి ఏడు వాన పడలేదు. ఆ పై ఏడూ పడలేదు. మైదానంలో గడ్డి మాడి మసైంది. చేలల్లో పూర్ణ వాళ్ళ పంట బోరు నీళ్ళతో పచ్చగా ఉంది కాని, దాని చుట్టూ కరెంటు తీగలున్నాయి. పత్తికొండ, ఆలూరు వైపు ఊళ్ళలో పలకలు ఏనాడో ఆగిపోయాయి, గడ్డీ లేదు. ఆదోని కొండల్లో ఊటలున్న చోట మాత్రం పచ్చిక మిగిలింది. ఆ సంగతి తెలిసి జనం మూటలు నెత్తిన పెట్టుకుని నడిచి వచ్చారు. వచ్చేసరికి కొండ చుట్టూ ముళ్ళకంచె ఉంది.

కంచె వేయించింది ఆదోని వాళ్ళు పెట్టుకున్న కొండ కమిటీ. దానికి అధ్యక్షుడు కంబగిరి. సుంకులమ్మ అతన్ని వెతుక్కుంటూ వెళ్ళింది.

"వాళ్ళకు తోడిచ్చింది మనమే గదా కంబగిరీ."

"ఇచ్చినాం. కొండ గూడా ఇస్తామని చెప్పినామా?"

"గడ్డి తిని బతకొచ్చని మనం చెప్తేనే గదా వాళ్ళకు పలకలు ఆగిపోయినాయి."

"అక్కా, కొండ మీద ఎంత గడ్డి ఉండాదో పొద్దున లేస్తే నేను చూస్తాండా. మనోళ్ళకే చాలేట్టు లేదు. వాళ్ళను రానిస్తే అందరం కలిసి చావల్ల." అతను గొంతు తగ్గించాడు. "కమిటీ ఒక మాట అనుకున్యాది. పాత పురుగులను చంపేట్టు తోడును కొంచెం మార్చల్ల. మన ఊటల్లో ఒక మందు కలుపుతాము. ఆ నీళ్ళు తాగినోళ్ళ కడుపులోనే పురుగులు బతకల్ల. కడమోళ్ళ కడుపులో నిలవగూడదు. అప్పుడు వాళ్ళకు ఈడ పనేముంటాది, వాళ్ళే పోతారు."

"యాడికి పోతారు?"

అతను కంచె వైపు చూపు తిప్పుకున్నాడు.

"వాళ్ళను చంపమంటాండావా నన్ను?"

"పురుగులను అంటాండా. మనుషులని ఎవురన్నారు?"

సుంకులమ్మ అతని ముఖంలోకి చూసింది. ఆసుపత్రి మంచం మీద కడుపు పట్టుకుని పడుకుని, ఇంకొకసారి చూద్దామక్కా అన్న ముఖమే అది. మారిందేమీ కనబడలేదు. అదే ఆమెను భయపెట్టింది.

"నేను చెయ్యను."

"నువ్వు చెయ్యవని తెలుసు," అన్నాడు కంబగిరి. "పోయిన వారం కమిటీ వాళ్ళం పోయి విదుషి మేడమ్‌ను అడిగినాం. వాళ్ళు చేసిస్తామన్నారు. కంచెకు కావలి గూడా వాళ్ళే పెడతారంట. కొండలో సగం వాళ్ళకు రాసియ్యల్ల, అంతే."

ఆమె అక్కడి నుంచి వెనుదిరిగింది. ఆ సాయంత్రమే ఇంటికి తాళం కూడా పెట్టకుండా బయలుదేరి, కంచె బయట జనంలో కూర్చుంది. తను ఇక్కడ ఉండగా ఊటల్లో మందు కలపరని ఆమె నమ్మకం. కంబగిరి వచ్చి బతిమాలతాడనీ అనుకుంది. అతను రాలేదు.

ఆమె పక్కన ఉసేనమ్మ అనే పత్తికొండ ముసలామె ఉండేది. తోడిచ్చిన డాక్టరమ్మ ఈమేనని తెలిశాక ఉసేనమ్మ తిట్టలేదు, మొక్కలేదు. తన దుప్పట్లో సగం ఆమెకు కప్పింది. బయట వేళ్ళతో తవ్వుకోగలిగిన గరిక దుంపలు కూడా అయిపోయాయి. కొందరు లేవడం మానేశారు. కడుపులో తృణజీవులకు పని లేక సుంకులమ్మకు కళ్ళు తిరిగేవి, చెవుల్లో హోరు వినిపించేది. ఆకలి మీద అన్నేళ్ళు పరిశోధన చేసిన మనిషికి అది ఇలా ఉంటుందని తెలియదు.

"నువ్వు ఈ ఊరిదానివే గదా తల్లీ," అంది ఉసేనమ్మ ఒక పొద్దున. "నిన్ను లోపలికి పోనిస్తారు. మాకు ఒక కొంగెడు తెచ్చియ్యి."

సుంకులమ్మ లేచి కంచె దగ్గరికి నడిచింది. కావలి వాడు ఈరన్న, ఆమె వీధివాడే. అడ్డకర్ర ఎత్తాడు.

"నీకు ఎప్పుడూ అడ్డం లేదు మేడమ్. అయితే లోపలే తినల్ల. బయటికి తీసకపోనిచ్చేది లేదు."

ఆమె తల ఊపింది. ఎలాగో ఒకలాగ కొంగులో దాచి తీసుకుపోవచ్చుననుకుంది. కాస్త పైకి ఎక్కేసరికి ఊట పక్కన పచ్చిక కనిపించింది. తడి మట్టి వాసన తగిలింది. ఆమె మోకాళ్ళ మీద కూలబడి రెండు చేతులా గడ్డి పీకి కొంగులో వేసుకుంది. మళ్ళీ పీకింది. ముందు తను కొంచెం తినాలి, అప్పుడే గదా కంబగిరితో వాదించే బలం వచ్చేది అనుకుంది. వాదించి ఒప్పిస్తే ఉసేనమ్మ ఒక్కతే ఏమిటి, అందరూ లోపలికి వస్తారనుకుంది. కొంగులోంచి ఒక గుప్పెడు తీసి నోట్లో పెట్టుకుంది. ఆ తర్వాత ఇంకొకటి. కొంగు ఖాళీ అయ్యాక నేల మీదికి వంగింది.

కింద కంచె దగ్గర నుంచి ఉసేనమ్మ గొంతు వినిపించింది. "తల్లీ, దొరికిందా?"

సుంకులమ్మ నోటినిండా గడ్డి ఉంది. ఆమె కంచె వైపు వీపు తిప్పి కూర్చుంది.