రిలీవర్ రాని కోట

నేను పనిచేసే వృద్ధుల కేర్‌హోమ్ వెనక, సముద్రం ఒడ్డున ఉన్న కోట పేరెత్తితే చాలు, నైట్ డ్యూటీ వాళ్లు మాట మార్చేస్తారు. కోటంటే బురుజులేమీ లేవు. మట్టికట్ట, గడ్డి పెరిగిన కందకం, ఒక బెంచీ... అంతే. నూట అరవై ఏళ్ల కిందటి యుద్ధంలో కట్టారట. తెల్ల సైనికులతో కలిసి ఇక్కడి మూలవాసులైన మావోరీ తెగలు కొన్ని ఇటు, వాళ్ల చుట్టాలే అటు.

అప్పుడు కాపలాకి నిలబెట్టిన సిపాయిని మార్చడానికి రిలీవర్‌గా రెండోవాడు రాలేదట. ఆ సిపాయి ఇంకా అక్కడే ఉన్నాడట... దారినపోయేవాళ్లని "వచ్చావా?" అని అడుగుతాడట. అవునన్నవాళ్లు ఇల్లు చేరరు.

ఆ రాత్రి నాది డబుల్ షిఫ్ట్. పదహారు గంటలు. నా ఫ్లాట్‌మేట్ జెనిఫర్ మేముండే మనురేవా నుంచి కారు తెస్తానంది. ఆ పిల్ల కోట ఛాయలకి చచ్చినా రాదు, దూరంగా మెయిన్ గేటు దగ్గరే ఆపుతుంది. దానికి ఆరేళ్లప్పుడు వాళ్లమ్మ డ్యూటీకని వెళ్లి తిరిగి రాలేదట. ఎక్కడ డ్యూటీయో నేనెప్పుడూ అడగలేదు.

కాళ్లు లాగేస్తున్నాయి. దెయ్యానికి భయపడే ఓపిక కూడా లేదు. డ్యూటీ దిగి, కారొచ్చేదాకా కోట దగ్గరి ఆ బెంచీ మీదే కూలబడ్డాను.

పక్కన ఒకావిడ ఉంది. మా యూనిఫామే... బాగా పాతది.

"తెలుగమ్మాయివేనా?" అంది మెల్లగా. "నా పేరు శిరోమణి."

ప్రాణం లేచొచ్చింది. "శరణ్యనండి. మీకూ డబుల్ షిఫ్టా ఆంటీ?"

"ఆ రోజూ డబులే. ఇంట్లో పాపకి నూట మూడు జ్వరం. ఎలాగో బయటపడి ఇక్కడిదాకా వచ్చా. కట్ట మీంచి ఎవరో 'వచ్చావా?' అన్నారు. పాపం, నాకంటే అలిసిపోయిన గొంతు..."

"మీరేమన్నారు?"

"డ్యూటీ మారేటప్పుడు రోజూ అనే మాటే కదమ్మా. అలవాటుగా వచ్చేసింది. 'వచ్చాను, మీరు బయల్దేరండి' అనేశా."

"మరి ఇంటికెలా వెళ్లారు?"

ఆవిడ కందకం వైపు చూసింది.

"వెళ్లలేదు. మా జెనిఫర్‌కి జ్వరం తగ్గిందో... లేదో."



ఆవిడ నా వైపు తిరిగింది. "నువ్వు... వచ్చావా?"

జవాబు నాలిక చివరికి వచ్చేసింది — నేనూ రోజూ అనే మాటే. పళ్లు బిగబట్టాను. భయం వేసింది. అంతకంటే ఎక్కువ జాలి వేసింది.

"ఇక్కడ డ్యూటీ లేదాంటీ. ఆ యుద్ధం ఎప్పుడో అయిపోయింది. మీకెవరూ చెప్పలేదంతే. జెనిఫర్‌కి జ్వరం తగ్గింది. పెద్దదైంది. గేటు దగ్గర కారులో ఉంది... వెళ్లండి."

బెంచీ మీద నేనొక్కదాన్నే ఉన్నాను.

పరిగెత్తుకెళ్లి కారెక్కాను. జెనిఫర్ స్టీరింగ్ వదిలేసి, నుదురు పట్టుకుని కూర్చుంది.

"ఏమైందే?"

"ఇప్పుడే... ఎవరో... జ్వరం ఉందేమోనని చూసినట్టు... చెయ్యి పెట్టి తీశారు."