పాత రేవు మెట్ల దగ్గర పిలుపు

2023 డిసెంబరు పద్నాలుగు, గురువారం. సాయంత్రం ఆరు దాటి పది నిమిషాలు. మగ్రిబ్ నమాజు అయిపోయింది, వన్ టౌన్ సందుల్లో దీపాలు ఒక్కొక్కటే వెలుగుతున్నాయి... సరిగ్గా అప్పుడు సబీనా నోరు జారింది.

జారిన చోటు మామూలు చోటు కాదు. పాత రేవు మెట్లు.

గోదాముల వెనక సందు చివర పదకొండు రాతిమెట్లు ఉంటాయి. దిగితే ఏముంది? ఏమీ లేదు — సిమెంటు గోడ. ఒకప్పుడు నీళ్ళు ఆ మెట్ల దాకా వచ్చేవట. పోర్టు పెరిగింది, మట్టి పోసి పూడ్చేశారు, సముద్రం అవతలికి జరిగిపోయింది. మెట్లు మాత్రం అక్కడే ఉండిపోయాయి.

1957లో ఓ సాయంత్రం, అవతలి ఒడ్డు నుంచి జనాన్ని దాటిస్తున్న నాటు పడవ ఆ మెట్లకి ఇరవై గజాల దూరంలో బోల్తా పడింది. తొమ్మిది మంది. ఒక్క శవమూ తేలలేదు.

అప్పటి నుంచి అక్కడ ఎవరూ ఎవరినీ 'రా' అనరు.

పొద్దస్తమానం 'జగదాంబ, జగదాంబ, రండమ్మా రండి' అని గొంతు చించుకునే ఆటోవాళ్ళు ఆ మలుపు దగ్గర నోరు మూసుకుంటారు. తల్లులు పిల్లల్ని చప్పట్లు కొట్టి పిలుస్తారు. చేపల గంప నెత్తిన పెట్టుకున్న ఆడవాళ్ళు కేక వెయ్యకుండా దాటిపోతారు. పిలిస్తే ఏమవుతుందని అడిగితే పెద్దవాళ్ళు ఒకటే మాట అంటారు — "వస్తారు."

ఇదంతా సబీనాకి తెలియక కాదు. ఆ కథ ఊరికంతటికీ చెప్పేది ఆ పిల్లే. ఇరవై ఆరేళ్ళు. పాత ఊరు చూడ్డానికొచ్చిన వాళ్ళని వెంటబెట్టుకుని నడిపించడం ఆమె పని. మూడు కొండలూ, పాత చర్చీ, గోదాములూ, గడప గడపకీ ఒక కథ చెప్పి, చివరికి రేవు మెట్ల దగ్గర ఆపుతుంది. ముందు తను నడుస్తుంది. వెనక లాంతరు పట్టుకుని దాలయ్య వస్తాడు. జాలరి మనిషి, మోకాళ్ళు పట్టేసి వేట మానేశాడు.

ప్రతి చోటా కదిలే ముందు సబీనా గట్టిగా అడగాలి: "అందరూ వచ్చేశారా? ఎవరైనా ఉండిపోతే రండి, రండి!" వెనక నుంచి దాలయ్య "వచ్చేసినాం!" అనాలి. అప్పుడే అడుగు ముందుకి. ఒక్క రేవు మెట్ల దగ్గర మాత్రం మాటల్లేవు. దాలయ్య లాంతరు రెండుసార్లు పైకెత్తుతాడు, అంతే.

ఆ రోజు సబీనా మనసు మనసులో లేదు. ఇంట్లో దాదీ మంచాన ఉంది. తండ్రి ఖయ్యూం తల్లి, షహజాది. డెబ్భై అయిదేళ్ళు, పక్షవాతం మనిషి. అయిదు రోజులుగా మెతుకు ముట్టలేదు. ఇంటికి తీసుకుపొమ్మని డాక్టర్లు చెప్పేశారు. సబీనాని పెంచింది దాదీయే. తను బయట ఉన్నప్పుడు దాదీ పోతే — ఆ ఒక్క భయం పొద్దుటి నుంచీ ఆ పిల్ల గుండెల మీద కూర్చుని ఉంది.

పడవ కథ ముగుస్తుండగా ఫోను మోగింది. అమ్మ.

"ఊపిరి ఆగి ఆగి వస్తోందే. బయల్దేరు."

సబీనా మనుషుల్ని లెక్క పెట్టబోయింది. పన్నెండు మందిలో తిరుమలరావు మాస్టారు కనబడలేదు. ఫొటోలంటూ ఎక్కడికక్కడ ఆగిపోయే మనిషి. చీకట్లో మెట్ల కింద ఉన్నాడనుకుంది. అంతే, రోజూ అనే మాట అలవాటుగా నోట్లోంచి వచ్చేసింది.

"ఎవరైనా ఉండిపోతే రండి, రండి!"

దాలయ్య లాంతరు లేవలేదు. కానీ కింద నుంచి, గోడ దగ్గర నుంచి, సన్నగా వినిపించింది —

"వస్తన్నాను..."

ఆడపిల్ల గొంతు.

"నేనిక్కడున్నానమ్మా!" అన్నాడు తిరుమలరావు మాస్టారు, సబీనా పక్కనే లాంతరు నీడలోంచి. "నా గొంతు అంత సన్నగా ఉంటుందా ఏమిటి?"

అందరూ పకపకా నవ్వారు. "భలే ఏర్పాటు చేశారమ్మా! కింద ఎవర్ని కూర్చోబెట్టారు?" అన్నారొకరు. ఇంకొకరు ఫోను లైటు కిందికి తిప్పారు. ఖాళీ మెట్లు. గోడ. ఆఖరి మెట్టు మాత్రం... తడిగా ఉంది.

వచ్చిన వాళ్ళని పెద్ద రోడ్డెక్కించి పంపేశాక దాలయ్య దగ్గరికొచ్చాడు.

"ఏటి సేసేవమ్మా..."

"నోరు జారింది బాబాయ్. ఇంటి నుంచి ఫోనొచ్చింది, దాదీకి..."

"ఎనక్కి సూడకు. నాను సెప్పింది ఇను," గుసగుసగా అన్నాడు. "ఇంటికెల్లకు. దర్గా కొండ కింద కూకో. తెల్లారి మసీదు బాంగు ఇనపడీదాకా కదలకు. దారి దొరక్క దానంతటదే పోద్ది. ఇంటికెల్లేవంటే నీ ఎనకాలే ఇంట్లోకొచ్చేత్తాది."

"తెల్లారేదాకా దాదీ ఉంటుందో లేదో బాబాయ్!"

"అందుకే సెప్తన్నాను. ఊపిరి మీదున్న మనిసి కాడికి దాన్ని తీసుకెల్తావా?"

వెళ్తే మృత్యువుని తనే ఇంటికి తీసుకెళ్ళినట్టు. వెళ్ళకపోతే దాదీ ఆఖరి చూపు దక్కదు. సబీనా నడిరోడ్డు మీద ఒక్క నిమిషం నిలబడింది. తర్వాత చున్నీ తల నిండా కప్పుకుని, ఇంటి వైపు నడిచింది.

సందు తిరిగాక వినబడింది.

టప్... టప్... తడి బట్ట కాళ్ళకి కొట్టుకుంటున్న చప్పుడు. నాలుగడుగుల వెనక.

రక్షణ కోసం చదివే ఆయతుల్ కుర్సీ అందుకుంది. చప్పుడు ఆగలేదు, దగ్గరికీ రాలేదు. భయంలో ఒక చోట మాట తప్పింది. గుర్తు తెచ్చుకోవడానికి ఆగింది... వెనక చప్పుడూ ఆగింది. మళ్ళీ అందుకుని నడిస్తే, మళ్ళీ నడిచింది. పెద్దవాళ్ళ వెంట బజారుకొచ్చిన పిల్ల, వాళ్ళు ఆగితే ఆగినట్టు.

ఇల్లు వచ్చేసింది. పరదా తొలగించుకుని లోపలికి దూకినట్టే వెళ్ళింది.

దాదీ మంచం పక్కన ఖయ్యూం ఖురాను తెరిచి యాసీన్ చదువుతున్నాడు. అమ్మ చెంచాతో మక్కా జమ్‌జమ్ నీళ్ళు పెదాల మీద తడుపుతోంది. సబీనా మంచం పట్టె పట్టుకుని కూలబడింది. ఊపిరి ఉంది... ఇంకా ఉంది.

దాదీ కళ్ళు తెరిచింది. చూపు సబీనా మీద ఆగలేదు. ఆమె భుజం మీంచి గుమ్మం దాకా పోయింది.

"ఏటే సబ్బూ... ఆపాని గుమ్మంలోనే నిలబెట్టేసేవు?"

ఖయ్యూం చదవడం ఆపేశాడు.

"ఆపా ఎవరు అబ్బా?" తండ్రిని అడిగింది సబీనా.

ఆయన గొంతు తగ్గించి చెప్పాడు. "దాదీకి అక్క ఉండేది. ఖుర్షీద్. పద్నాలుగేళ్ళు. ఆ పడవలో..."

ఆ పడవ కథ సబీనా ఎన్ని వందల మందికి చెప్పింది! తొమ్మిది మంది అనే చెప్పింది, ఒక్క పేరూ తెలియదు.

"ఎప్పుడూ చెప్పలేదేం?"

"మా అమ్మమ్మ చెప్పనివ్వలేదు. ఫాతిహా కూడా చదవనివ్వలేదు. చదివితే పిల్ల పోయిందని ఒప్పుకున్నట్టే గదా. 'ముందు శవం చూపించండి, అప్పుడు చదవండి' అనేదట. ఆవిడ పోయాక ఆ పేరే ఎవరూ ఎత్తలేదు."

గుమ్మం దగ్గర పరదా కొద్దిగా కదిలింది. గాలి లేదు. పరదా కింది అంచు నుంచి నీళ్ళు బొట్లుబొట్లుగా గచ్చు మీద పడుతున్నాయి. ఇంటి నిండా ఉప్పునీటి వాసన...

"దాదీ, నా వల్లే వచ్చింది," సబీనా ఏడుస్తూ అంది. "మెట్ల దగ్గర నోరు జారేను. నిన్ను తీసుకుపోతుందేమో దాదీ..."

దాదీ పెదాలు వంకర పోయాయి. నవ్వే.

"ఎర్రిదానా. నన్నెక్కడికి తీసుకుపోద్ది అది? దానికి పద్నాలుగేళ్ళే. సీకటంటే బయం." ఊపిరి కూడదీసుకుంది. "అరవై ఆరేళ్ళు... ఎవరూ రమ్మనలేదు గదే. నాను కూడా. రోజూ ఆ సందులోంచే బడికెల్లేదాన్ని, నోరు మూసుకుని. పిలిస్తే వచ్చేత్తారని బయం. పిలవకపోతే అదెలా వస్తాది సెప్పు? రమ్మను... నువ్వే పిలిచేవు, నువ్వే లోపలికి రమ్మను."

ఖయ్యూం వద్దన్నట్టు చెయ్యి ఎత్తాడు. అమ్మ గోడకి ఆనుకుపోయింది. సబీనా లేచింది. పరదాకి రెండడుగుల దూరంలో నిలబడి, బిస్మిల్లా అని, నెమ్మదిగా అంది —

"లోపలికి రండి."

పరదా లోపలికి ఉబ్బింది. చిన్నపిల్ల భుజం ఎత్తున. తర్వాత మామూలుగా వాలిపోయింది.

"అందరూ బయటికెల్లండి," అంది దాదీ. "మాటలున్నాయి మాకు."

ఆ రాత్రంతా ముగ్గురూ వరండాలో కూర్చున్నారు. లోపల దాదీ గొంతు ఒకటే వినబడేది. ఏదో అడిగేది, ఆగేది, కిసుక్కుమని నవ్వేది. చిన్నపిల్లల నవ్వు. నాలుగు గంటలప్పుడు ఆ గొంతు కూడా ఆగిపోయింది. తలుపు తియ్యడానికి ఎవరికీ ధైర్యం చాల్లేదు. సబీనా తస్బీహ్ మాల పూసలు వేళ్ళ మధ్య కదలకుండా పట్టుకుని కూర్చుంది.

తెల్లవారి ఫజర్ అజాన్ అయ్యాక ఖయ్యూం తలుపు తోశాడు.

దాదీ గోడకి జారబడి కూర్చుని ఉంది.

"టీ పెట్టండే. బిస్కెట్టు కూడా పట్రండి."

అమ్మ అక్కడికక్కడే ఏడ్చేసింది. సబీనా పరిగెత్తుకెళ్ళి దాదీని వాటేసుకుంది... చేతికి దాదీ జడ తగిలింది. నాలుగు పాయల జడ. చివరిదాకా బిగించి అల్లి ఉంది, తడితడిగా. ఆ అల్లిక అమ్మకి రాదు, సబీనాకి రాదు. దాదీ చేతులా, పక్షవాతం వచ్చినప్పటి నుంచి భుజం దాకా లేవవు.

"మరీ గట్టిగా వేసిందే," దాదీ మెడ తడుముకోలేక సబీనా చేతినే అక్కడ పెట్టుకుంది. "అప్పుడూ అంతే. ఏడిస్తే నెత్తి మీద మొట్టేది."

శుక్రవారం. పొద్దున్న ఎనిమిది కాకుండానే అమ్మ తీపి అన్నం, జర్దా వండింది. ఖయ్యూం కాళ్ళూ చేతులూ కడిగి వుజూ చేసుకుని ఫాతిహాకి కూర్చున్నాడు. పేరు చెప్పాల్సిన చోట ఆగిపోయి, మళ్ళీ మొదలుపెట్టాడు. రెండోసారి చెప్పగలిగాడు: ఖుర్షీద్. అరవై ఆరేళ్ళలో ఆ ఇంట్లో ఆ పేరు మీద చదవడం అదే మొదలు.

చేతులు దించాక దాదీ అడిగింది. "మరి మిగతా ఎనిమిది మందో?"

గుమ్మంలో దాలయ్య నిలబడి ఉన్నాడు. ఏమైందో చూద్దామని తెల్లారగట్లే వచ్చి, పిలవడానికి భయపడి బయటే ఆగిపోయాడట.

"పడవ తోలింది మా తాతే," అన్నాడు తల వంచుకుని. "ఆడి వల్లే మునిగిందని జనం తిట్టుకున్నారు. అందుకే మేం ఎక్కడా సెప్పుకోం."

"అయితే నువ్వే పిలు," అంది దాదీ.

ఖయ్యూం, సబీనా, దాలయ్య ముగ్గురూ రేవు మెట్లకి నడిచారు. బజారు అప్పుడే తెరుస్తున్నారు. దాలయ్య పదకొండు మెట్లూ దిగి, చెప్పులు విడిచి, గోడ మీద చెయ్యి వేశాడు.

"తాతా... అందర్నీ తీసుకుని రా. ఎవరూ ఏటీ అనరు."

ఆ పూట దాలయ్య భార్య గంగాలమ్మ అన్నం, చేపల కూర గిన్నెల్లో సబీనా వాళ్ళింటికి మోసుకొచ్చింది. అమ్మ చాప పరిచింది. జర్దా ఒక పక్కా, చేపల కూర ఒక పక్కా, తొమ్మిది పళ్ళాలు వడ్డించారు. పరదా తీసి మడతపెట్టేశారు. జుమ్మా నమాజు వేళయ్యేదాకా వీధి తలుపు బార్లా తెరిచే ఉంచారు.