చూడకుండా పెట్టిన సంతకం

మా ఆఫీసులో ఎవరూ నిర్ణయాలు తీసుకోరు. చూస్తారు, అంతే.

ఎవరైనా దరఖాస్తు పెట్టుకుంటే దాన్ని ఒక రేకుపెట్టెలో పెట్టి, సీలు వేసి, మూడో అంతస్తులోని చీకటి గదికి చేరుస్తాం. ఆ గదికి కిటికీ లేదు, దీపం లేదు. తలుపు సందుల్లో కూడా నల్లగుడ్డ కుక్కి ఉంటుంది. అక్కడ ఉన్నంతకాలం ఆ దరఖాస్తు మంజూరైనట్టూ, కొట్టేసినట్టూ కూడా. రెండూ ఒకేసారి. ఏదో ఒక రోజు అధికారి పెట్టె తెప్పించుకుని మూత తీసి చూస్తాడు. చూసిన క్షణాన రెంటిలో ఒకటి మిగులుతుంది, రెండోది పోతుంది. ఇదంతా క్వాంటం భౌతికశాస్త్రమని నేను చేరిన రోజు పెద్దసారు గంటసేపు చెప్పారు. "మామూలు ఆఫీసుల్లో కూడా ఫైళ్ళు అలాగే ఉంటాయి కదండీ" అన్నాను. ఆయన నవ్వలేదు.

ఆ గదిలోకి మనిషి వెళ్ళినా ఇదే లెక్క. పెట్టెలు సర్ది బయటికొచ్చిన వాళ్ళని తలుపు దగ్గర ఒకడు కళ్ళారా చూడాలి. చూసి రిజిస్టర్లో 'చూశాను' అని సంతకం పెట్టాలి. ఆ ఒకడిని నేనే. ఇంకెవరి చూపూ చెల్లదు, ఉత్తర్వు నా పేరు మీద ఉంది. పదహారేళ్ళు చదివి మనుషుల మొహాలు చూసే ఉద్యోగం సంపాదించాను. మా ఆవిడ ఇప్పటికీ చుట్టాలకు నా పని ఏంటో చెప్పదు.

లోపలికి వెళ్ళేది అక్కయ్య. తోడబుట్టింది కాదు, సీనియరు. కానీ ఆరేళ్ళుగా తన డబ్బాలోంచి సగం అన్నం నాకు పెట్టకుండా తినలేదు. భర్త లేడు. చిట్టి అని ఏడేళ్ళ కూతురు. ఆ పిల్లకు అమ్మ, అమ్మకు ఆ పిల్ల, అంతే లోకం.

అలవాటులో పొరపాటు అంటారు. నా విషయంలో పొరపాటే అలవాటైపోయింది. అక్కయ్య లోపల ఉండగానే సంతకం గీకేసి టీకి పోవడం ఈమధ్య మొదలుపెట్టాను. "వెళ్ళిరా తమ్ముడూ, నా మొహంలో కొత్తగా చూసేదేముంది?" అని ఆవిడే నవ్వేది.

ఇవాళ కూడా అంతే. మూడున్నరకు ఆవిడ లోపలికి వెళ్ళింది. బయటి గడియ తీసే ఉంచి, సంతకం పెట్టేసి కిందికి వెళ్ళాను. కబుర్లలో పడి తిరిగొచ్చేసరికి ఐదు కావస్తోంది. గడియ వేసి ఉంది. అక్కయ్య సంచి లేదు, గోడవారన చెప్పులు లేవు. ఇంటికి వెళ్ళిపోయిందనుకున్నాను. వారం చివరి రోజు కదా, అంతస్తంతా అప్పటికే ఖాళీ. వరండాలో తుప్పు వాసన, పాత జిగురు వాసన. ఎక్కడో కుళాయి కారుతోంది.

రిజిస్టరు మూసి లేవబోతుంటే తలుపు మీద చప్పుడైంది. గోటితో గీసినంత చిన్నగా.

"తమ్ముడూ..."

"అక్కయ్యా? ఇంకా లోపలే ఉన్నావా?"

"గడియ తియ్యి. చిట్టి ఒక్కతే ఉంటుంది."

గడియ మీద చెయ్యి వేశాను. మరి సంచి? చెప్పులు? చెయ్యి వెనక్కి తీసుకుని ఫోను తీశాను. వాళ్ళింటికి ఎందుకు చేశానో నాకే తెలియదు.

చిట్టి ఎత్తింది. "అమ్మ ఎప్పుడో వచ్చేసింది మామయ్యా. నాకు జడ వేస్తోంది. ఇదిగో, మాట్లాడు."

"ఏంటి తమ్ముడూ?" అంది ఫోనులో అక్కయ్య.

"ఏంటి తమ్ముడూ, తియ్యవేం?" అంది తలుపు వెనక అక్కయ్య.

పైప్రాణాలు పైనే పోయాయి. తడబడుతూ విషయం చెప్పాను. ఫోనులో ఆవిడ గుసగుసగా అడిగింది.

"నేను ఇంటికి వచ్చేటప్పుడు కిందనుంచైనా నన్ను చూశావు కదా?"

రిజిస్టర్లో నా సంతకం వైపు చూశాను.

"చూశావా, లేదా?"

"లేదక్కయ్యా."

"అయితే తలుపు తియ్యకు. నువ్వు చూస్తే ఒక్కరమే మిగులుతాం." ఫోను పెట్టేసింది.

తలుపు అవతల గొంతు మారింది. కోపం కాదు... భయం.

"నా పిల్ల దగ్గర ఎవరున్నారు తమ్ముడూ?"

నాకు ఏడుపొచ్చింది. రెండు గొంతుల్లోనూ ఒకే తల్లి ఉంది. తలుపు తీసి చూస్తే ఇద్దరిలో ఒకరిని చంపినట్టే. వదిలేసి వెళ్తే ఈవిడ ఆ చీకట్లోనే ఉండిపోతుంది. నా చూపు తప్ప ఏదీ చెల్లదు కదా. ఆమె చేతి అన్నం తిన్నవాడిని, ఎలా పోను?

అప్పుడు తట్టింది. కళ్ళు మూసుకుని తీసుకెళ్తే? చూడకుండా ఇంటికి చేరిస్తే, ఆ పైన వాళ్ళిద్దరూ ఏదో ఒకటి తేల్చుకుంటారు.

కళ్ళు గట్టిగా మూసి గడియ తీశాను. తడికాగితం వాసనతో చల్లగాలి మొహానికి కొట్టింది. ఒక చెయ్యి వచ్చి నా చేతిని పట్టుకుంది.

"చూడకు" అంది.

"చూడను" అన్నాను.

గోడ తడుముకుంటూ మెట్ల దగ్గరికి వచ్చాం. కిందికి అరవై మెట్లు. రోజూ దిగే మెట్లే. లెక్కపెడుతూ దిగాను. ఇరవై... ముప్పై... నలభై... ఫోను మోగింది. తడిమి బొత్తాం నొక్కి, భుజానికీ చెవికీ మధ్య అదిమిపెట్టాను.

"తమ్ముడూ..." ఇంటి నుంచి అక్కయ్య. "జడ సగంలో ఉంది... రిబ్బను కోసం పక్కగదిలోకి వెళ్ళొచ్చాను, ఆ ఒక్క నిమిషమే దాన్ని చూడలేదు. చిట్టి లేదు. తలుపులన్నీ లోపల వేసినవి వేసినట్టే ఉన్నాయి."

నా చేతిలో ఉన్న చెయ్యి... ఎప్పటి నుంచి ఇంత చిన్నగా ఉంది?

"మామయ్యా." నా నడుము ఎత్తు నుంచి. "చీకటిగా ఉంది. కళ్ళు తెరువు."

తెరవలేదు. తెరిస్తే ఈ పిల్ల మిగులుతుందో, పోతుందో. తెరవకపోతే అమ్మ దగ్గరికి చేర్చలేను. అరవై మెట్లు ఎప్పుడో అయిపోయాయి. ఇంకా దిగుతూనే ఉన్నాం. ఫోనులో అక్కయ్య ఏడుస్తోంది. పైన, తెరిచి వచ్చిన తలుపు దగ్గర కూడా ఎవరో ఏడుస్తున్నారు.

"భయపడకమ్మా, నేనున్నాను" అని రెండో చేత్తో తల నిమిరాను. మెత్తటి జుట్టు. చిట్టిదే. వీపు మీద సగం అల్లిన జడ తగిలింది.

మిగతా సగాన్ని వేరే వేళ్ళు, నా వేళ్ళ పక్కనుంచే, తీరిగ్గా అల్లుతున్నాయి.