ఊగని బల్ల

నేను ఎంచుకున్న బల్ల మీదికి ఆమె బూట్లతో సహా ఎక్కి, ఒక్కసారి ఎగిరి దానిమీదే ధబ్బున దూకింది.

నేను రెండడుగులు వెనక్కి గెంతాను. షాపులో ఉన్న మిగతా ముగ్గురు కస్టమర్లూ మాట్లాడుకోవడం ఆపేసి మావైపు తిరిగారు. బల్ల కిర్రుమని మూలిగి, కుడివైపుకి ఒరిగి, మళ్ళీ ఎడమవైపుకి ఊగి ఎలాగో నిలబడింది.

"చూశారా? ఇది మీకు అమ్మను" అంది ఆమె పైనుంచే.

"మేడమ్, నేను దీనిమీద డాన్సు చెయ్యను. ఇంజిన్లు విప్పుతాను."

"డాన్సు చేస్తానంటే అమ్మేదాన్నే." కిందికి దిగి చేతులు దులుపుకుంది. బూడిదరంగు ఓవరాల్, జుట్టు మీదికి ఎత్తిపెట్టిన కళ్ళద్దాలు, చేతుల నిండా వెల్డింగ్ నిప్పురవ్వల మచ్చలు. "మీ ఇంజిన్ బరువెంత?"

"నూట యాభై కిలోలు. ఈ బల్ల మూడొందలు మోస్తుందని మీరే రాసిపెట్టారు."

"మొయ్యడం వేరు, ఊగకుండా నిలబడటం వేరు. బిగుసుకుపోయిన బోల్టుకి పొడుగు స్పానర్ తగిలించి, ఒంట్లో బలమంతా పెట్టి లాగుతారు కదా? అప్పుడు ఆ ఊపు బల్లని పక్కకి తోస్తుంది. ఈ కాళ్ళ మధ్య ఐమూలగా ఒక్క పట్టీ అయినా ఉందా? పైరేకు చూడండి, గోటితో కొడితే డప్పులా మోగుతోంది. ఎవరి కాళ్ళమీద పడేద్దామని కొంటున్నారు?"

ఆమె సరదాకే అంది. నా ముఖం మాత్రం పాలిపోయింది.

సరిగ్గా నాలుగు రోజుల కిందట మా షెడ్డులో జరిగింది అదే. ముప్ఫై ఏళ్ళుగా నాన్న వాడుతున్న చెక్కబల్ల, గేర్‌బాక్సు విప్పుతుండగా పక్కకి ఒరిగి కూలిపోయింది. గేర్‌బాక్సు నాన్న పాదానికి జానెడు దూరంలో పడి నేల పగిలింది. నాన్నకి దెబ్బ తగల్లేదు. కానీ ఆ రోజునుంచి ఆయన స్పానర్ ముట్టుకోలేదు. షెడ్డు బయట కుర్చీ వేసుకుని రోడ్డు చూస్తూ కూర్చుంటున్నాడు. ఊళ్ళో సగం మంది మెకానిక్కులు ఆయన దగ్గర పని నేర్చుకున్నవాళ్ళే. అలాంటి మనిషి "నా చేతుల్లో పట్టు పోయిందిరా" అని ఒకే ఒక్క మాట అని ఊరుకున్నాడు.

ఈ సంగతి చెప్పేసరికి ఆమె గొంతు తగ్గింది.

"సారీ అండీ. రేపు పొద్దున మీ షెడ్డుకి వస్తాను. నేల చూడాలి."

"బల్ల కొనడానికి మా నేల ఎందుకండీ?"

"నేల ఎగుడుదిగుడుగా ఉంటే ఎంత మంచి బల్లయినా మూడు కాళ్ళమీదే నిలబడుతుంది."

కౌంటర్ దగ్గర టీ తాగుతున్న పెద్దాయన నవ్వాడు. ఆయన ఎడమచేతికి రెండు వేళ్ళు లేవు. "మా అన్న కూతురు బాబూ. అది చూడనిదే అమ్మదు. నా షాపు, కానీ నా మాట చెల్లదు."

మర్నాడు ఆమె చెప్పిన టైముకే వచ్చింది. నేల సమంగా ఉందో లేదో లెవెల్ పెట్టి చూసింది. తర్వాత టేపు తీసుకుని నావైపు రాకుండా తిన్నగా నాన్న కుర్చీ దగ్గరికి వెళ్ళింది.

"మేస్త్రీ గారూ, ఒక్కసారి లేచి నిలబడతారా? మోచెయ్యి మడవండి. బల్ల ఎత్తు దీన్నిబట్టే పెట్టాలి."

"నాదెందుకమ్మా? వాడి ఎత్తుకి చెయ్యి. నేనిక స్పానర్ పట్టను."

"పట్టకపోతే పట్టకండి. కొలతైతే ఇవ్వండి. ఇంత దూరం వచ్చాను."

నాన్న లేచాడు! ఐదు రోజులుగా నేను బతిమాలినా లేవని మనిషి బుద్ధిగా మోచెయ్యి మడిచాడు. అంతటితో ఆగకుండా "గేర్‌బాక్సు నిలబెట్టి విప్పాలంటే షాఫ్ట్ కిందికి దిగడానికి బల్లకి ఒక రంధ్రం ఉండాలమ్మా. అంచు కాస్త లేపితే ఆయిలు నేలపాలు కాదు" అన్నాడు. నేను గుమ్మంలో నోరు తెరుచుకుని నిలబడిపోయాను.

ఆమె అన్నీ రాసుకుని, షెడ్డు వెనక పడేసిన పాత బల్ల ముక్కల దగ్గరికి వెళ్ళింది. వెంటే వెళ్ళాను. వంగి ఒక కర్రముక్క ఎత్తి వెలుతురులో తిప్పి చూసింది. ఆమె ముఖం మారిపోయింది.

"ఈ ఐమూల కర్ర విరగలేదు" అంది, నాకొక్కడికే వినపడేలా. "రంపంతో కోశారు. కోత ఇంకా తెల్లగానే ఉంది."

నాన్న వింటున్నాడేమోనని వెనక్కి చూశాను.

కోసింది నేనే. పోయిన నెల కొత్త కంప్రెసర్ తెచ్చాను. పెట్టడానికి చోటు లేదు. బల్ల వెనకాల ఉన్న ఆ కర్ర కోసేశాక, కంప్రెసర్ బల్ల కింద సరిగ్గా పట్టింది. ఒక్క కర్రకే ఏమవుతుందిలే అనుకున్నాను. బల్ల కూలిన క్షణంలోనే నాకు విషయం అర్థమైంది. చెబుదామని నోరు తెరిచేలోపే నాన్న "చెయ్యి జారిందిరా, తప్పు నాదే" అనేశాడు. దాంతో నేను చెప్పడం మానేశాను.

"ఆయనకి తెలుసా?"

తల అడ్డంగా ఊపాను.

ఆమె ఆ కర్రముక్క నా చేతిలో పెట్టింది. కోపంగా విసిరినా బాగుండేది. "అయితే నేను ఇనుము కొయ్యలేను" అంది.

"అంటే? బల్ల ఇవ్వరా?"

"కొలత తీసుకున్నది ఆయన ఎత్తుకి. ఆయన పని మానేస్తే ఆ బల్ల ఎవరికి? ముందు ఎవరు వాడతారో తేల్చండి. మీరు ఆయనతో మాట్లాడాక కబురు చెయ్యండి."

"ఇది మా ఇంటి విషయం!"

"అవును. అందుకే మీరే చెప్పాలి" అని వ్యాను ఎక్కి వెళ్ళిపోయింది.

నాకు ఒళ్ళు మండిపోయింది. లోకంలో ఇదొక్కటేనా షాపు అనుకుని రెండు రోజులు ఊరంతా తిరిగాను. ఒకచోట రేకు పల్చన. ఒకచోట కాళ్ళకి పట్టీలు లేవు. ఇంకోచోట నాకు తెలియకుండానే బల్ల ఎక్కి దూకాను. ఆ షాపువాడు గుమ్మం దాకా తరిమాడు. రోడ్డు మీదికి వచ్చాక గానీ నేనేం చేశానో నాకే తెలిసిరాలేదు. ఆ పిల్ల నా బుర్రలో తిష్ట వేసేసింది!

మూడో రోజు వాన దంచికొడుతోంది. తడిసి ముద్దయి ఆమె షాపులోకి దూరాను.

"మీకేం తెలుసండీ?" అన్నాను ఊపిరి తీసుకోకుండా. "చెప్పడం అంత తేలికా? ఆయన నా ముఖం చూస్తాడా మళ్ళీ?"

ఆమె చేతిలో గ్రైండర్ ఆపింది. వెనక గోదాములో వాళ్ళ బాబాయ్ ఎవరితోనో బేరమాడుతున్న గొంతు వినిపిస్తోంది.

"బాబాయ్ వేళ్ళు చూశారా?"

"చూశాను."

"నా వల్లే పోయాయి."



"నాకప్పుడు ఇరవై ఏళ్ళు. ఒక స్టాండుకి నాలుగు చోట్ల వెల్డింగ్ చెయ్యాలి. మూడు చేసి భోజనానికి వెళ్ళాను. వచ్చి నాలుగోది మర్చిపోయాను. బాబాయ్ దాని కింద చెయ్యి పెట్టినప్పుడు అది విరిగి పడింది." ఆమె చూపు నేలమీదే ఉంది. "తన అజాగ్రత్తేనని వచ్చినవాళ్ళందరి దగ్గరా తనని తనే తిట్టుకునేవాడు. నేను ఏడాది పాటు నోరు మెదపలేదు. వేళ్ళు పోయినందుకంటే ఆ ఏడాదికే నేనెక్కువ సిగ్గుపడతాను. మీకింకా వారమే అయింది."

ఆమె ఒక పొడి గుడ్డ తెచ్చి నా చేతిలో పెట్టింది. "తల తుడుచుకోండి. జలుబు చేస్తే మాట బయటికి రాదు."

తిన్నగా షెడ్డుకి వెళ్ళాను. నాన్న స్పానర్లన్నీ నేలమీద పరిచి, ఒక్కొక్కటే నూనెగుడ్డతో తుడిచి సంచిలో సర్దుతున్నాడు. "ఎవరైనా కుర్రమెకానిక్కులకి ఇచ్చేద్దాంరా" అన్నాడు.

ఇంక ఆగలేకపోయాను. కంప్రెసర్, రంపం, కర్ర, అన్నీ ఒక్క గుక్కలో చెప్పేశాను.

నాన్న చేతిలోని స్పానర్ కింద పెట్టాడు. నెమ్మదిగా రెండు చేతులూ పైకెత్తి అటూ ఇటూ తిప్పి చూసుకున్నాడు.

"అయితే… నా చెయ్యి జారలేదా?"

"లేదు నాన్నా."

మరుక్షణం నా చెంప ఛెళ్ళుమంది. కళ్ళు బైర్లు కమ్మాయి. ఇరవై ఆరేళ్ళలో నామీద ఎప్పుడూ చెయ్యి చేసుకోని మనిషి! చెంప పట్టుకుని చూస్తే, ఆయన తన అరచేతిని ఆశ్చర్యంగా చూసుకుంటున్నాడు.

"పట్టు బాగానే ఉందిరా" అన్నాడు. కళ్ళలో నీళ్ళు.

ఆ తర్వాత రెండు రోజులు నాతో మాట్లాడలేదు. స్పానర్లు మాత్రం ఒక్కటి కూడా వదలకుండా మళ్ళీ గోడకి తగిలించాడు.

నేను కబురు చేసిన రోజే ఆమె ఇనుము కోసింది. బల్ల తయారవడానికి వారం పట్టింది. ఆ వారంలో షాఫ్ట్ రంధ్రం కొలత చెప్పడానికి నేను నాలుగుసార్లు షాపుకి వెళ్ళాను.

"మళ్ళీ మారిందా?" అనేది.

"లేదు. అదే కొలత. మీరు మర్చిపోతారేమోనని."

"గోడమీద రాసుకున్నాను, చూడండి."

"మరి చెరిగిపోతే?"

"చెక్కుతాను. వెళ్ళి పని చూసుకోండి." నవ్వు ఆపుకోవడానికి కళ్ళద్దాలు కిందికి లాక్కునేది. వెల్డింగ్ లేకపోయినా సరే.

బల్ల వచ్చిన రోజు ఆరుగురం కలిసి వ్యానులోంచి దింపాం. మందపాటి ఇనుప పైరేకు, నాలుగువైపులా లేచిన అంచు, కాళ్ళ మధ్య ఐమూల పట్టీలు. కాళ్ళని నేలకి బోల్టులతో బిగించడం ఒక్కటే మిగిలింది. నాన్న దానిచుట్టూ తిరిగి, భుజం ఆనించి ఒక్క తోపు తోశాడు. "బోల్టులు లేకుండానే కదల్లేదే!" అన్నాడు. ఆ ఆనందంలో అందరికీ టీ తెమ్మని నన్ను పంపించాడు.

తిరిగి వచ్చేసరికి షెడ్డులో ఎవరూ లేరు. బల్ల కిందనుంచి మాత్రం రెండు బూట్లు, బూడిదరంగు ఓవరాల్ కాళ్ళు బయటికి కనిపిస్తున్నాయి. స్పానర్ తిరుగుతున్న చప్పుడు.

ముఖం కనిపించకపోయేసరికి నాకు ఎక్కడలేని ధైర్యం వచ్చింది. టీలు పక్కన పెట్టాను.

"ఇప్పుడు బయటికి రాకండి. మీ ముఖం చూస్తే నేను మాట్లాడలేను."

స్పానర్ చప్పుడు ఆగింది.

"నాలుగుసార్లు వచ్చింది కొలత కోసం కాదు. మీకూ తెలిసే ఉంటుంది. మీరు బల్ల ఎక్కి దూకిన రోజు నాకు భయమేసింది. ఇప్పుడు మీరు కనపడకపోతే భయమేస్తోంది. నేను చేసిన తప్పు తెలిసి కూడా, దాన్ని నా నోటితోనే చెప్పించారు. మా నాన్నని నాకు మళ్ళీ తెచ్చిచ్చారు. మీరంటే నాకు చాలా ఇష్టమండీ. జీవితాంతం నా పక్కనే ఉండి నన్ను తిడతారా?"

బూట్లు కదల్లేదు.

"టీ చల్లారిపోతోంది" అంది వెనకనుంచి ఒక గొంతు. "ఎవరితో మాట్లాడుతున్నారు?"

గిర్రున తిరిగాను. గుమ్మంలో ఆమె! దోసిట్లో వాషర్లు. ఆమె పక్కన మా నాన్న.

బల్ల కిందనుంచి దగ్గు వినిపించింది. బూట్లు జరిగి, ఓవరాల్ జరిగి, చివరికి గ్రీజు అంటిన బట్టతల బయటికొచ్చింది. వాళ్ళ బాబాయ్!

"నాకైతే ఇష్టమే బాబూ" అన్నాడు వెల్లకిలా పడుకునే. "కానీ జీవితాంతం తిట్టే ఓపిక నాకు లేదు. అది మా అమ్మాయినే అడగాలి."

నాన్న నవ్వు ఆపుకోలేక తలుపు పట్టుకున్నాడు.

"నాకు చివరి ముక్కే వినపడింది" అంది ఆమె. "మొదట్నుంచి చెప్పండి."

"మీ ముఖం చూసి చెప్పలేను."

"అయితే అటు తిరుగుతాను." తిరిగి నిలబడింది. చెవులు ఎర్రగా కందిపోయి ఉన్నాయి.

చెప్పాను. ఇద్దరు పెద్దవాళ్ళు వింటుండగా, తడబడుతూ, రెండోసారి. అయిపోయాక కూడా ఆమె ఇటు తిరగలేదు. ఉన్నట్టుండి దోసిట్లోని వాషర్లన్నీ జలజలా నేలమీద రాలి నాలుగువైపులా దొర్లాయి.

"ఏడుస్తున్నావా ఏంటే?" అన్నాడు బాబాయ్ కంగారుగా లేవబోయి, తల బల్లకి కొట్టుకుని. బల్ల ఇసుమంతైనా కదల్లేదు.

"ఎవరేడుస్తున్నారు?" ఆమె గిర్రున తిరిగింది. బుగ్గలు తడిగానే ఉన్నాయి. "తిడతాను. రోజూ తిడతాను. పొద్దున్న లేవగానే మొదలుపెడతాను. సరేనా?"



"సరేనని చెప్పరా!" అని నాన్న నా వీపుమీద ఒక్కటి చరిచాడు.

"సరే" అన్నాను.

"అయితే ఆ వాషర్లు ఏరండి, ఇద్దరూ" అన్నాడు బాబాయ్ నుదురు రుద్దుకుంటూ. "ఎంతసేపని ఇక్కడ పడుకోను?"

మోకాళ్ళమీద కూర్చుని వెతకడం మొదలుపెట్టాం. మూడు దొరికాయి. నాలుగోది కంప్రెసర్ పక్కకి దొర్లింది. దానికోసం ఇద్దరి చేతులూ ఒకేసారి వెళ్ళాయి. ఆ వాషరు చివరికి ఎవరు తీశారో నాకిప్పటికీ గుర్తులేదు.